వరదనార

వంతెనను పట్టుకుపోయిన వరద వచ్చిన మరుసటేడు జరిగిందిది. ఆ ఊళ్లో పెళ్ళిళ్లయినా, పురుళ్లయినా, చావులైనా వరదల మీదే గుర్తు. పశువుల వరద, బురద వరద, చివరిది వంతెన వరద.

వంతెన పోయింది గానీ స్తంభాలు పోలేదు. రేవుకు దిగువన, నది నడుమ, ఊడగా మిగిలిన పళ్లలా నిలబడ్డాయి. నీళ్లు వాటికి కొట్టుకుని తెల్లగా లేచేవి. వంతెన ఉన్నన్నాళ్లూ బల్లకట్టును చూసి నవ్విన జనమే ఇప్పుడు దానికోసం రేవులో పడిగాపులు కాసేవాళ్లు. బల్లకట్టంటే ఏముంది, రెండు పడవల మీద పరిచిన బల్లలు. ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకు లావుపాటి తాడు కట్టి ఉంటుంది. దాన్ని మోకు అంటారు. బల్లకట్టును దానికి తగిలించి, మోకును చేతులతో లాక్కుంటూ అవతలికి పోతారు. మోకు గట్టిదైతే ప్రవాహం ఏమీ చెయ్యలేదు. తెగితే మాత్రం దిగువన స్తంభాలు ఉండనే ఉన్నాయి.

ఆ మోకులు పేనే ఇల్లు ఊరి మొత్తానికీ ఒకటే. ఇంటి పక్కన పొడుగాటి సందు. సందు మొదట్లో రాట్నం. ఒకరు రాట్నం తిప్పుతుంటే, రెండోవాళ్లు నడుముకు నార చుట్టుకుని, దాన్ని వేళ్ల సందులోంచి వదులుతూ వెనక్కి నడవాలి. నడిచినంత పొడుగూ పురి పడుతుంది. నడిచేది ఎప్పుడూ తండ్రే. అందరూ ఆయన్ని తాళ్లాయన అనేవాళ్లు. పెద్దకొడుకు రాట్నం తిప్పేవాడు. బడిని మూసేసి సైన్యం అందులో దిగిన నెలలోనే పెద్దకొడుకు సైన్యంతో పోరాడే కొండమీదివాళ్లతో కలిసిపోయాడు. రాట్నం చిన్నకొడుకు చేతికొచ్చింది.

చిన్నకొడుక్కి పదహారు దాటాయి. జుట్టు ఎర్రగా, నూనె ఎరగనట్టు నిక్కబొడుచుకుని ఉండేది. పీచు అనేవాళ్లు. సొంతపేరు తల్లి కూడా ఎప్పుడో గాని పిలిచేది కాదు.

పెద్దకొడుకు ఎక్కడున్నాడో చెప్పమని సిపాయిలు ఒకరోజు ఇంటికొచ్చారు. తాళ్లాయన తెలీదన్నాడు. నిజంగానే తెలీదు. ఆయన చేతులు రెండూ రాట్నం బల్ల మీద పెట్టించి, అరచేతుల మీద కర్రతో కొట్టారు. ఎముకలు విరగలేదు. కానీ చేతులు బూరెల్లా ఉబ్బి, తోలు పగిలిపోయింది. తల్లి ఆకుపసరు మందు వేసి గుడ్డలతో కట్టింది. మోకు మీద చెయ్యేసి ఇక్కడ పురి వదులుగా ఉంది, అక్కడ నార పలచబడింది అని చెప్పే చేతులు, నీళ్లగ్లాసు కూడా పట్టుకోలేకపోయాయి.

ఆ తర్వాత తాళ్లాయన ముంజేత్తో రాట్నం తిప్పేవాడు. నడుముకు నార చుట్టుకుని వెనక్కి నడిచేది పీచు.

సాయంత్రాలు పీచు తెగిన వంతెన మొండి మీదికి పోయి కూర్చునేవాడు. బల్లకట్టు నడిపే సరంగు కూతురు కూడా అక్కడికే వచ్చేది. పొడుగ్గా, బక్కగా ఉండేది. నోరు చాలా పెద్దది. తెడ్డు అని పేరు పెట్టింది పీచే. కోపమొస్తే తెడ్డుతో కొట్టినట్టే మాట్లాడేది.

"ఊరంతా ముందుకి పరిగెడుతోంటే వెనక్కి నడిచే కుర్రాణ్ణి నిన్నే చూశాను," అంది ఒకరోజు.

"వెనక్కి నడవకపోతే మీ బల్లకట్టు ముందుకి పోదు."

"అబ్బో! మీ అన్న కూడా ఇలాగే మాట్లాడేవాడు. కాకపోతే మాట్లాడి ఊరుకోలేదు. కొండెక్కాడు."

పీచుకు అది సూదిలా గుచ్చుకుంది. అన్న మాట ఎత్తినప్పుడు దాని గొంతు ఒక రకంగా మారుతుందని అతనికెప్పటినుంచో అనుమానం.

"ఈ గొడవలన్నీ సద్దుమణిగాక..." అని మొదలుపెట్టి ఆపేశాడు.

"సద్దుమణిగాక? ఏం చేస్తావ్?"

"ఏదో ఒకటి. అందరూ చేసేదే."

"ప్రేమిస్తావా?" పగలబడి నవ్వింది. "అప్పటిదాకా దాన్నెక్కడ దాస్తావ్ పీచూ? అటకమీదా? మీ ఇంట్లో వరదకి తడిసిన నార లేదూ, అలాగైపోతుంది. పైకి బాగానే ఉంటుంది, పట్టుకుంటే పుటుక్కుమంటుంది."

పీచు ముఖం ఎర్రబడింది. నవ్వుతూనే ఆమె కొంచెం దగ్గరికి జరిగి కూర్చుంది. ఆ జరగడం అతను చాలాకాలం మరిచిపోలేదు.

"మా అమ్మని చూడు. కాల్పులు మొదలవగానే పుట్టింటికి పోయొస్తానని అవతలి ఒడ్డున దిగింది. ఇంతవరకు రాలేదు. మా నాన్న రోజూ ఆ ఒడ్డుకి పోతాడు, వస్తాడు. అడగడు. అమ్మా నాన్నా అంటే ఇంతేనా అనిపిస్తుంది నాకు. ఒకళ్లు దిగిపోతారు, మిగిలినవాళ్లు లాగుతుంటారు."

వంతెన మొండి దగ్గర కాపలాకి ఒక సిపాయి ఉండేవాడు. వాడికీ పద్దెనిమిదికి మించి ఉండవు. మీసం ఇంకా బూజు పట్టినట్టే ఉంది. ఎవరివో బూట్లు, వాడి పాదాలకి రెండింతలు. నడుస్తుంటే టపాటపా కొట్టుకునేవి. వీళ్లిద్దరూ వాణ్ణి బూట్లబ్బాయి అనుకునేవాళ్లు. మొదట్లో వాడొస్తే మాట్లాడడం మానేసేవాళ్లు. తర్వాత తర్వాత అదీ పోయింది. ఆ వయసువాళ్లు ముగ్గురు ఒకచోట ఉంటే ఎంతసేపని నోరు కట్టుకుంటారు.

"నువ్వెందుకు చేరావ్?" అని అడిగింది తెడ్డు ఆ రోజు.

"ఇంటికొకడు రావాలన్నారు. మా నాన్న అగ్గిపుల్లలు పట్టుకున్నాడు, నాకొకటి, తమ్ముడికొకటి. పొట్టిది నాకొచ్చింది."

"మీ నాన్న మీద కోపం రాలేదూ?"

వాడు జారిన బూటును పైకి లాక్కున్నాడు. "ఆయన చెయ్యి వణికింది. ఏది పొట్టిదో కనబడిపోయింది. చూసే తీశాను. తమ్ముడింకా పక్క తడుపుతాడు."

ఎవరూ నవ్వలేదు. వాడే నవ్వాడు. "యుద్ధం గిద్దం నాకేం తెలీదు. ఈ బూట్లు కాళ్లకి నిలబడితే చాలు. లేసులు లేవు."

పీచు నడుముకున్న నారలోంచి రెండు పాయలు లాగి, తొడమీద అరచేత్తో రుద్ది, అక్కడికక్కడే సన్నతాళ్లు రెండు పేనాడు. బూట్లబ్బాయి లాగి చూశాడు.

"తెగదు కదా?"

"నేను పేనింది తెగదు," అన్నాడు పీచు, తెడ్డు వింటోందని చూసుకుని మరీ.

బల్లకట్టు పాతమోకు బాగా నలిగిపోయింది. కొత్తది కావాలని సైన్యం దిగిన బళ్లోంచి ఆఫీసరు కబురుపెట్టాడు. తొందరగా కావాలి, లారీలు అవతలికి దాటాలి అన్నాడు. ఆ మాట అయిన మర్నాడు, పొద్దు వాలుతుండగా, పీచు సందు చివర నార దులుపుతుంటే గోడవతల నుంచి ఎవరో నాలిక చప్పరించారు. చిన్నప్పుడు అన్న పిలిచే పిలుపు.

పెద్దోడు గోడ దూకి లోపలికొచ్చాడు. బుగ్గలు లోపలికి పోయాయి. గడ్డం అక్కడక్కడా మొలిచింది.

"చిన్నోడా, కొత్తమోకు నువ్వే పేనుతున్నావటగా."

"నాన్న చేతులు..."

"విన్నాను."

"వినడమెందుకు? లోపలే ఉన్నాడు. చూసి పో."

"చూస్తే మళ్లీ కొండెక్కలేనురా," అన్నాడు పెద్దోడు. కాసేపు గోడకానుకున్నాడు. "విను. ఆ లారీల్లో పోయేది అవతలి ఊళ్లు తగలబెట్టడానికి. కొండమీద మాకు తిండి పెట్టారని. ఆ లారీలు నది దాటకూడదు. అర్థమైందా?"

పీచుకు అర్థమైంది. అతని కళ్లు వాటంతటవే సందు పక్కనున్న పాక మూలకు పోయాయి. వంతెన వరదలో తడిసిన నార అక్కడ కుప్పగా ఉంది. ఎండాక చూడ్డానికి మంచినారకంటే నిగనిగలాడుతుంది. లోపల సత్తువ ఉండదు. మంచాలకీ, మోపులకీ తప్ప నీళ్లలోకి అది పనికిరాదని తండ్రి దాన్ని విడిగా ఉంచాడు.

"బల్లకట్టు మీద తెడ్డూ, సరంగు మావయ్యా ఉంటారన్నా."

"సైన్యం దాటేటప్పుడు వాళ్లని ఎప్పుడైనా ఎక్కనిచ్చారా? ఒడ్డున కూర్చోబెట్టి సిపాయిలే లాక్కుపోతారు."

అది నిజమే. పీచు అదీ ఆలోచించాడు, ఇదీ ఆలోచించాడు. బూట్లబ్బాయి గురించి మాత్రం ఆలోచన రాబోతుంటే పక్కకు తోసేశాడు. వాడు కాపలావాడు కదా, మొండి దగ్గరే ఉంటాడులే అనుకున్నాడు.

"అది నా గురించి అడుగుతుందా?" అన్నాడు పెద్దోడు, గోడ ఎక్కుతూ.

"ఎవరు?"

"సరంగు కూతురు."

"లేదు," అన్నాడు పీచు.

మోకు పేనడం మొదలైంది. పీచు నడుముకు లోపలివైపు వరదనార, పైన మంచినార చుట్టుకున్నాడు. మోకు నది నడిమికొచ్చే చోట ప్రతి పురికీ కడుపులో వరదనార పెట్టి, చుట్టూ మంచినార కప్పాడు. వెనక్కి నడుస్తున్నంతసేపూ ఎదురుగా తండ్రి ముఖం కనిపిస్తూనే ఉంది. ముంజేత్తో రాట్నం తిప్పుతూ, కొడుకు నడకనే చూస్తున్నాడు. దూరమయ్యేకొద్దీ ముఖం చిన్నదైంది గానీ కళ్లు పక్కకు తిరగలేదు.

"బాగా నడుస్తున్నావురా," అన్నాడు తాళ్లాయన. ఆయన నోట మెచ్చుకోలు రావడం పీచు అంతకుముందు వినలేదు.

పురులు మూడూ కలిపి మెలేశాక ఆయన కట్టు కట్టిన చేతులతోనే మోకును తడిమాడు. గుడ్డల మీంచి ఏం తెలుస్తుంది. ముక్కు చిట్లించాడు.

"వాసన వేరేగా ఉందేంట్రా?"

"నీ చేతి మందు వాసన నాన్నా."

తాళ్లాయన కట్టు వాసన చూసుకున్నాడు. తల ఊపాడు. "సరంగుకి చెప్పు, మోకుని సాగనిమ్మని." ఈ మాట ఆయన ప్రతి మోకుకీ చెప్పేదే. పుట్టినప్పటినుంచి విన్నదే. అందుకే పీచుకు చెవిన పడింది గానీ మనసుకు పట్టలేదు.

మోకును బండిమీద రేవుకు చేర్చి, రెండు ఒడ్లలో గుంజలకు బిగించేసరికి ఎండ బాగా ఎక్కింది. లారీలు వరుసగా నిలబడ్డాయి. సిపాయిలు నీడ చూసుకుని కూర్చున్నారు. అవతలికి పోవడానికి రెండు రోజులనుంచి కాచుకున్న ఆడవాళ్లు, మూటలూ పిల్లలతో ఒకపక్కన ఉన్నారు. సైన్యం దాటాకే తమ వంతు అని వాళ్లకు తెలుసు.

ఆఫీసరు లారీని ఎక్కించమని చెయ్యి ఊపాడు. సరంగు అడ్డొచ్చాడు. చేతులు కట్టుకునే అడ్డొచ్చాడు.

"కొత్తమోకు దొరా. ఎత్తుకోగానే బరువెయ్యకూడదు. ముందు మనుషుల్తో ఓ తిప్పు తిప్పాలి. అప్పుడది సాగుతుంది. సాగాక మళ్లీ బిగించి, అప్పుడు లారీ. లేకపోతే మీ లారీ నది మధ్యలో కూర్చుంటుంది."

 మోకును సాగనిమ్మని తండ్రి అన్నదేంటో పీచుకు అప్పుడు తెలిసింది. మోకులెలా పుడతాయో అతనికి తెలిసినంత ఆ ఊళ్లో ఇంకొకరికి తెలీదు. కానీ అవి మొదటిరోజు ఏం మోస్తాయో చూడ్డానికి అతనెప్పుడూ రేవుకు రాలేదు. పేనడం సందులో, కట్టడం రేవులో. ఆ రెండింటి మధ్య అతనికి బండి తోలడం తప్ప పని లేదు.

"కానీ, త్వరగా కానీ," అన్నాడు ఆఫీసరు.

ఆడవాళ్లు లేచారు. వాళ్ల అదృష్టాన్ని వాళ్లే నమ్మలేనట్టు పిల్లల్ని లాక్కుంటూ, మూటలు తలకెత్తుకుంటూ పరిగెత్తారు. సరంగు చెప్పులు విప్పించి ఒక్కొక్కర్నీ ఎక్కించాడు. బల్లకట్టు ఎక్కేవాళ్లు కాళ్లకేమీ ఉంచుకోకూడదని ఆయన పట్టు. నీళ్లలో పడితే మొదట ముంచేవి అవేనట. కాపలాకి ఒక సిపాయి కావాలన్నారు. బూట్లబ్బాయి ఎక్కాడు.

"బూట్లిప్పు నాయనా," అన్నాడు సరంగు.

"ఆఫీసరు చూస్తే తంతాడు."

తెడ్డు అప్పటికే మోకు దగ్గర నిలబడి ఉంది. ఒడ్డున పీచును చూసింది. ఆ రోజు దాని ముఖంలో వెటకారం లేదు. కొత్తమోకును అరచేత్తో తట్టింది.

"పీచూ! రా, నీ మోకు మీద మొదటి తిప్పు నువ్వెక్కకపోతే ఎలా? మీ అన్న కూడా ఇంత పని చెయ్యలేదు!"

నోరు తెరిస్తే చాలు. దిగండి అంటే చాలు. ఎందుకని అడుగుతారు. ఎందుకో చెప్పాలి. చెబితే తండ్రిని ఆ గుంజకే వేలాడదీస్తారు. కొండమీద అన్న ఎక్కడున్నాడో కక్కిస్తారు. పీచు నోరు తెరిచాడు. పక్కనే ఉన్న సిపాయి అతనివైపు చూశాడు.

అప్పుడు అతను లెక్క వేసుకున్నాడు. తాళ్లవాళ్లు తప్ప ఎవరూ వేసుకోని లెక్క. పైన కప్పిన మంచినార ఎంత, లోపలి వరదనార ఎంత, లారీ ఎంత, వీళ్లెంత. ఆడవాళ్లూ పిల్లలూ, చిన్నచిన్న మూటలు. ఆగుతుంది. పైనారే వీళ్లను మోస్తుంది. ఆగి తీరుతుంది. తాను పేనింది కదా.

"పనుంది," అని అరిచాడు.

"భయమా?"

"పనుందన్నానుగా తెడ్డూ!"

అది నవ్వి, మోకు పట్టుకుని లాగడం మొదలుపెట్టింది. తండ్రీ కూతుళ్లు చెరోపక్క. పిల్లలెవరో పాట ఎత్తుకున్నారు. బల్లకట్టు కదిలింది. ఒడ్డు వదిలింది. పీచు మోకునే చూస్తున్నాడు. మోకు బిగుసుకుంది, కిర్రుమంది, సాగింది. ఆగింది. ఇంకొంచెం. ఆగింది.  బల్లకట్టు నడిమికి చేరింది. అక్కడ మోకు కిందికి వంగి నీళ్లలో మునిగింది.

నీళ్లను అతను లెక్కలో వేసుకోలేదు. పొడిగా ఉన్నప్పుడే వరదనారకు కాస్తో కూస్తో పట్టు. రెండోసారి తడిస్తే అది నారే కాదు. ఒకదాని తర్వాత ఒకటిగా లోపలి పాయలు జారిపోయాయి. మిగిలిన పైనార మీద ప్రవాహం అంతా పడింది.

పెద్ద చప్పుడేమీ రాలేదు. ఎవరో ఊపిరి వదిలినట్టు వచ్చిందంతే. తెగిన మోకు చివర గాల్లోకి లేచి, నీళ్ల మీద చరిచింది. పాట ఆగలేదు, ఇంకా రెండు మాటలు వినిపించింది. బల్లకట్టు పక్కకు తిరిగి, ముందు మెల్లగా, తర్వాత వేగంగా, స్తంభాలవైపు పోయింది.

ఆ మీద జరిగింది ఎక్కువ చెప్పడానికి లేదు. ఒడ్డున ఉన్నవాళ్లంతా పరిగెత్తారు. సిపాయిలూ పరిగెత్తారు. కొందరు తుపాకులు పారేసి నీళ్లలోకి దూకారు కూడా. స్తంభాలకు తగిలి బల్లలు విడిపోయాయి. దొరికినవాళ్లు కొందరు. దొరకనివాళ్లే ఎక్కువ. తెడ్డు ఒక పసివాణ్ణి మెడకు వేలాడేసుకుని దిగువన ఈ ఒడ్డుకే చేరింది. సరంగు అవతలి ఒడ్డుకు కొట్టుకుపోయాడు. రాళ్లమీద బోర్లా పడి ఉన్నాడు. ఇటునుంచే కనిపిస్తున్నాడు. లేవలేదు.

బూట్లబ్బాయిని మధ్యాహ్నం తీశారు. వాడి చేతులు రెండూ కాళ్లదగ్గరే ఉన్నాయి. బూట్లు విప్పుకోబోయినట్టున్నాడు. సన్నతాళ్లు ముడులు బిగుసుకుని అలాగే ఉన్నాయి. ఆ తాళ్లు తెగలేదు.

ఆఫీసరు తెగిన మోకు చివర తెప్పించి తాళ్లాయన్ని పిలిపించాడు. ఆయన వచ్చాడు. చివరను రెండు ముంజేతుల మధ్య పట్టుకుని చూశాడు. తర్వాత ముక్కుదగ్గర పెట్టుకున్నాడు. చాలాసేపు పెట్టుకున్నాడు. ముఖంలో ఏమీ కదల్లేదు. కొడుకువైపు మాత్రం చూడలేదు. పీచుకు అప్పుడు తెలిసింది, తండ్రికి తెలిసిపోయిందని.

"ఎవడు పేనాడు?"

"నేను..." అన్నాడు పీచు.

"నోర్ముయ్రా!" తాళ్లాయన గర్జించాడు. "రాట్నం తిప్పేవాడివి, నీకేం తెలుసు? నేనే పేనాను దొరా. వరదకి తడిసిన నార కలిసిపోయింది. చేత్తో పట్టుకుంటే తెలిసేది. చేతులు పనిచెయ్యలేదు." కట్టు కట్టిన చేతులు పైకెత్తి చూపించాడు. "ఇవి మీవాళ్లు చేసినవే."

ఆఫీసరు ఆ చేతులు చూశాడు. ఏమనుకున్నాడో. తీసుకుపొమ్మన్నాడు. తాళ్లాయన లారీ ఎక్కలేకపోతే ఇద్దరు సిపాయిలు చంకలకింద చేతులేసి ఎక్కించారు. వెనక్కి తిరిగి ఒక్కసారి చూస్తాడేమోనని పీచు చూశాడు. ఆయన తిరగలేదు.

మిగిలిన లారీలు, దూరమైనా, ఎగువనున్న ఇంకో రేవు మీదుగా చుట్టు తిరిగి పోయాయి. పొద్దు వాలకముందే అవతలి ఒడ్డు వెనక పొగ లేచింది. ఒకచోట కాదు, చాలాచోట్ల.

ఇంట్లో తల్లి పొయ్యి వెలిగించలేదు. గుమ్మంలో కూర్చుని ఉంది.

"నేను పోయి చెప్పేస్తానమ్మా," అన్నాడు పీచు.

ఏం చెప్పేస్తావని ఆమె అడగలేదు. "చెబితే ఆయన్ని వదుల్తారనుకున్నావా? ఇద్దర్నీ ఉంచుకుంటారు. ఒకడు కొండమీద, ఒకరు బళ్లో, నువ్వు కూడా బళ్లో." కొంగుతో ముఖం తుడుచుకుంది. "నువ్వు పోకు. నీ మొహం చూడబుద్ధి కావట్లేదు నాకు. అయినా పోకు."

చీకటి పడకముందు తెడ్డు వచ్చింది. తడిబట్టలు ఒంటిమీదే ఆరిపోయాయి. చేతిలో మోకు ముక్క. తిన్నగా రాట్నం దగ్గరికి పోయి, బల్లమీద కూర్చుని, పురులు ఒక్కొక్కటే విప్పింది. పైనార పక్కన పెట్టింది. లోపలినార పక్కన పెట్టింది. లోపలిది రెండు వేళ్లతో లాగింది. పుటుక్కుమంది.

"మీ నాన్న చేతిలో నార కలిసిపోవడం ఎక్కడైనా ఉందా?" అంది. "ఇలా కడుపులో పెట్టి, చుట్టూ చీర కట్టినట్టు ఎవరు చుడతారు పీచూ?"

అతను నిలబడే ఉన్నాడు.

"మీ అన్న చెప్పాడా?"

తల ఊపాడు.

"మీ అన్న చెప్తే చేశావా, నేను వెటకారంగా అన్నానని చేశావా?"

"రెండూ," అన్నాడు. తర్వాత, "నువ్వన్నావనే," అన్నాడు. "మీరెక్కరనుకున్నా."

ఆమె విప్పిన పైనారను వేలికి చుట్టింది.  అవతల పొగ ఇంకా కనిపిస్తోంది.

"అది నవ్వులాటకి అన్నాను కదరా," అంది చివరికి. అంతకుముందెప్పుడూ అతన్ని అరే ఒరే అనలేదు. "నవ్వులాటకి తప్ప మనకింకేముందని అన్నాను?" లేచింది. "నా కోసం ఇంకెప్పుడూ ఏమీ చెయ్యకు."

"నన్ను పట్టించు తెడ్డూ. పోయి ఆఫీసరుకి చెప్పు."

"చెప్పను. నీకది సుఖంగా ఉంటుంది." గుమ్మం దగ్గర ఆగింది. "మా నాన్న అవతల ఉన్నాడు. పక్షులు దిగుతున్నాయి. పడవలన్నీ సైన్యం పట్టుకుపోయింది. బల్లలు మళ్లీ కట్టిస్తారట, వాళ్లకీ కావాలిగా. మోకు కావాలి. రేపు నేను రాట్నం తిప్పుతా."

"నేను పేనితే..."

"ఇంకెవరున్నారు?" అని వెళ్లిపోయింది.

కొండమీదనుంచి ఎవరూ రాలేదు. గోడవతల ఎవరూ నాలిక చప్పరించలేదు.

మర్నాడు తెల్లారగానే పీచు లేచి పాక మూలనున్న వరదనార మొత్తం చేతులతో ఎత్తి పెరట్లో పోసి నిప్పు పెట్టాడు. ఎండిందే కదా, భగ్గుమని మండి బూడిదైంది. తల్లి కిటికీలోంచి చూసింది. అటక మీది మంచినార దించాడు. పాయ పాయా వెలుతురుకు పెట్టి చూశాడు. తండ్రి పట్టుకున్నట్టే ముక్కుదగ్గర పట్టుకుని వాసన చూశాడు. నడుముకు చుట్టుకున్నాడు.

తెడ్డు అప్పటికే వచ్చి రాట్నం ముందు నిలబడింది. ఈ మోకు మీద మొదట వాళ్ల నాన్న వస్తాడు. తర్వాత ఇంకా లారీలు పోతాయి. ఇద్దరికీ తెలుసు. 

పీచు నార కొసను రాట్నం కొక్కేనికి తగిలించాడు. ఆమె రాట్నం తిప్పింది. అతను నారను వేళ్ల సందులోంచి వదులుతూ, ఆమె ముఖం చూస్తూ, వెనక్కి నడిచాడు.